చంద్రమతి మన ఊరి ఆడపడుచు

మా బడి వార్షికోత్సవంలో హరిశ్చంద్ర నాటకం కాటిసీను వేసినప్పుడు నేను చంద్రమతిని. మీసాలు రాని వయసు, ఒంటిమీద అక్క చీర. లోహితుడి మీద పడి ఏడుస్తూ ఎత్తుకున్న పద్యం రెండో పాదంలోనే గొంతు కీచుమంది. ముందు వరుసలో నవ్వులు. మరునాడు తెలుగు అయ్యవారు నన్ను పిలిచి, "రేయ్, చంద్రమతిగా సినిమాలో పాడినామె మన కడపలో పుట్టిందిరా. ఆమె పేరన్నా తెలుసుకో" అన్నారు.

ఆమె పసుపులేటి కన్నాంబ. పుట్టింది కడపలో, పెరిగింది ఏలూరులో. సినిమాకు ముందే నాటకరంగంలో గాయనిగా, నటిగా పేరు తెచ్చుకున్నారు. మైకులు లేని రోజుల్లో హార్మోనియం శ్రుతికి పద్యం ఎత్తుకుంటే కడపటి వరుసలో కూర్చున్నవాడికీ మాట మాట విడివిడిగా వినిపించాలి. ఆమె గొంతు అక్కడ సాన పట్టింది.

1935లో 'హరిశ్చంద్ర' టాకీలో అద్దంకి శ్రీరామమూర్తి సరసన చంద్రమతిగా తెరకెక్కారు. అప్పటికి నేపథ్యగానం లేదు. నటించేవారే పాడాలి. అందుకే తొలి టాకీలు నాటక గాయకుల కోసం వెతికాయి. మరుసటి ఏడాది ద్రౌపది కథతో రెండు చిత్రాలు పోటీపడ్డాయి. ఒకదానిలో బళ్లారి రాఘవ, సురభి కమలాబాయి. మరోదానిలో ద్రౌపదిగా కన్నాంబ. జనం కన్నాంబ 'ద్రౌపదీ వస్త్రాపహరణం' వైపే మొగ్గారు. 1940లో 'చండిక'లో అదే రాఘవతో కలిసి నటించారు.

నేపథ్యగానం వచ్చాక పాట కోసమే తెరకెక్కిన చాలామందికి పని తగ్గింది. కన్నాంబకు తగ్గలేదు. ఎందుకని? పద్యం నేర్పిన ఊపిరి, విరుపు, స్పష్టత ఆమె సంభాషణలోకి దిగాయని నా అభిప్రాయం. మాతృభాష తెలుగైనా 1942లో తమిళ 'కణ్ణగి'గా ఆమె పలికిన మాటలకు తమిళులు జేజేలు పలికారు. 1954 నాటి 'మనోహర'లో శివాజీ గణేశన్ తల్లిగా మరోసారి మెప్పించారు. భర్త కడారు నాగభూషణంతో కలిసి శ్రీ రాజరాజేశ్వరీ ఫిలింస్ పేరిట చిత్రాలు తీశారు. 'తోడికోడళ్ళు', 'మాంగల్య బలం' నాటికి తెలుగువారికి ఆమె ఇంటి పెద్దదిక్కు. 1964 మే 7న కన్నుమూశారు.

ఆ తరువాత నేనూ చరిత్ర అయ్యవారినే అయ్యాను. ముప్పై ఏళ్లు ఔరంగజేబు గురించి చెప్పాను గానీ, కన్నాంబ గురించి ఒక్క తరగతిలోనూ చెప్పలేదు. ఆమెను మరిచిన వారిలో నేనూ ఒకణ్ణి. అందుకే సంఘం పెద్దలకు ఒక మనవి: ఈ స్వర్ణోత్సవ సభలో కాటిసీను మళ్లీ వేయిద్దాం. ఇప్పుడు మన బడిలో ఆడపిల్లలూ చదువుతున్నారు. చంద్రమతి పద్యం ఒక కడప అమ్మాయి పాడాలి. తెర లేచే ముందు కన్నాంబ ఎవరో రెండు మాటలు నేను చెబుతాను.