అరబ్బు షేక్ వేషం, వేల్స్ మనిషి ఆస్కార్

'బెన్-హర్' చూసినవాళ్లెవరూ రథాల పందేన్ని మర్చిపోరు. ఆ రథానికి కట్టిన నాలుగు తెల్లగుర్రాల మాలిక్ గుర్తున్నాడా? షేక్ ఇల్దరీమ్. గుబురు గడ్డం, ఉరిమే గొంతు, పెద్ద మనసు. ఆ అరబ్బు సర్దార్ కిర్దార్‌కు 1960లో ఉత్తమ సహాయ నటుడి ఆస్కార్ దక్కింది. అందుకున్న అదాకార్ మాత్రం అరబ్బు కాదు. బ్రిటన్ పడమటి వైపున్న వేల్స్ మనిషి, హ్యూ గ్రిఫిత్. ముఖానికి రంగు పూసి ఆయన్ని షేక్‌ని చేశారు.

గ్రిఫిత్ 1912లో ఆంగ్లసీ దీవిలో పుట్టారు. అక్కడి జనం మాద్రీ జుబాన్ వెల్ష్. పెద్ద చదువుకు, కొలువుకు మాత్రం ఇంగ్లీషు కావాలి. యూనివర్సిటీలో చేరాలని పరీక్ష రాస్తే ఇంగ్లీషులోనే ఫెయిలయ్యారు. బ్యాంకు గుమాస్తాగా చేరి, నటన మీద షౌఖ్‌తో లండన్‌కు మారారు. అక్కడ రాయల్ అకాడమీ ఆఫ్ డ్రమాటిక్ ఆర్ట్‌లో సీటు దొరికింది. అంతలో జంగ్ వచ్చింది. ఆరేళ్లు ఫౌజులో గడిచాయి, మన హిందుస్తాన్‌లోనూ, బర్మాలోనూ. 1946లో గానీ మళ్లీ నటన మొదలుపెట్టలేదు.

ఉర్దూ మీడియంలో చదివి, తెలుగులో డిగ్రీ చేసినవాణ్ణి కాబట్టి ఆ ఫెయిల్ సంగతి నాకు మామూలు విషయంలా అనిపించలేదు. ఆ ఒక్క సబ్జెక్టు దగ్గరే తాలీమ్ ఆగిపోయిన పిల్లలు మన మొహల్లాల్లో ఎంతమంది! గ్రిఫిత్ అదే ఇంగ్లీషులో షేక్స్‌పియర్ నాటకాలాడి, లియర్‌గా, ఫాల్‌స్టాఫ్‌గా శెభాష్ అనిపించుకున్నారు.

ఇక షేక్ విషయంలో ఇన్సాఫ్‌గా మాట్లాడుకుందాం. దావత్ తర్వాత త్రేన్చడం, ఎక్కువమంది బీవీలుండడం, వీటి మీదే ఆ పాత్రతో నవ్వించారు. అరబ్బులంటే ఇంతేనన్న ఖయాల్ అలాంటి సినిమాలతోనే నాటుకుంది. తప్పు ఒక్క నటుడిదే అనను, అప్పటి హాలీవుడ్ దస్తూరే అది. 1962లో వచ్చిన 'లారెన్స్ ఆఫ్ అరేబియా'లో అమీర్ ఫైసల్ వేషం ఇంగ్లీషువాడైన అలెక్ గిన్నెస్‌కు ఇచ్చారు. అదే సినిమాలో ఈజిప్టు నటుడు ఒమర్ షరీఫ్ షరీఫ్ అలీగా నటించి ఆస్కార్ నామినేషన్ తెచ్చుకున్నారు. అంటే అరబ్బు నటులు దొరకలేదన్నది ఉత్త బహానా.

గ్రిఫిత్‌కు సొంత ఖౌమ్ మనుషుల వేషాలూ దొరికాయి. 1949లో వచ్చిన 'ది లాస్ట్ డేస్ ఆఫ్ డాల్విన్' రిజర్వాయర్ కింద మునగబోయే ఒక వెల్ష్ ఊరి కథ. అందులో ఆయన పాద్రీ. 1978లో బీబీసీ వేల్స్ టీవీ కోసం తీసిన 'గ్రాండ్ స్లామ్'లో రగ్బీ మ్యాచ్ కోసం పారిస్ వెళ్లిన వెల్ష్ పెద్దాయన. ఆ వేషాలకు ముఖం రంగు మార్చాల్సిన పని పడలేదు. 1980లో ఆయన ఇంతఖాల్ అయ్యారు.

2017లో అదే సహాయ నటుడి ఆస్కార్ 'మూన్‌లైట్' సినిమాకు మహర్షలా అలీ అందుకున్నారు. నటనకు ఆస్కార్ గెలిచిన తొలి ముస్లింగా ఆయన్ని పత్రికలు రాశాయి. గ్రిఫిత్ గెలిచాక 57 ఏళ్లకు!

'బెన్-హర్' మీ పిల్లలకు తప్పక చూపించండి. షేక్‌ను చూసి నవ్వితే నవ్వనివ్వండి. తర్వాత ఆ గుర్రాల పేర్లు అడగండి. నాలుగింటికీ నక్షత్రాల పేర్లే, వాటిలో మూడు అరబ్బీ నుంచి వచ్చినవి. ఆల్డెబరాన్ అంటే అల్ దబరాన్, వెంబడించేది, మన రోహిణి. రైజెల్ అంటే రిజ్ల్, పాదం. ఆల్టెయిర్ అంటే అల్ తాయిర్, ఎగిరేది, మన శ్రవణం. తాయిర్ అంటే పరిందా అని మన ఉర్దూ బచ్చాలకు ఎవరూ చెప్పక్కర్లేదు. షేక్ వేషం నకిలీదే కావచ్చు, ఆ పేర్లు మాత్రం అసలైనవి.