బంజరు నేల మీది పచ్చపూలు: తంగేడు పొద పరిశీలన

తంగేడు చిక్కుడు కుటుంబానికి చెందిన పొద. చెలకల గట్ల మీద, చెరువు కట్టల వాలున, రాళ్ళూ గులకరాళ్ళూ తేలిన ఎర్రనేలల్లో, సాగుకు పనికిరాదని వదిలేసిన దిబ్బల మీద ఇది తనంతట తానే మొలుస్తుంది. భారతదేశంలోని పొడి ప్రాంతాలు, శ్రీలంక దీని సొంత గడ్డ. తెలుగులో తంగేడు, కన్నడంలో తంగడి, తమిళంలో ఆవారం, సంస్కృతంలో ఆవర్తకి అంటారు.

1753లో లిన్నేయస్ దీనికి కాసియా ఆరిక్యులేటా అని పేరు పెట్టాడు. లాటిన్‌లో ఆ రెండో మాటకు చెవులు గలది అని అర్థం. ఆకు కాడ మొదట్లో రెండు పక్కలా వెడల్పుగా, నిజంగా చెవుల్లాగే ఉండే పత్రపుచ్ఛాలను బట్టి ఆ పేరు వచ్చింది. పూత లేని కాలంలో కూడా తంగేడును గుర్తుపట్టడానికి ఇంతకు మించిన ఆనవాలు లేదు. తరువాత వృక్షశాస్త్రవేత్త రాక్స్‌బర్గ్ దీన్ని సెన్నా ప్రజాతిలో చేర్చినా, వృక్షశాస్త్ర గ్రంథాలు చాలాకాలం పాత పేరునే వాడాయి. 1982లో వృక్షశాస్త్రవేత్తలు ఇర్విన్, బార్న్‌బీ పాత కాసియాను మూడు ప్రజాతులుగా విడదీశాక సెన్నా ఆరిక్యులేటా అన్న పేరు స్థిరపడింది. ఆ విభజనలో రేల కాసియాలోనే మిగిలింది. కసివింద తంగేడుతో పాటు సెన్నాలోకి వచ్చింది.

పొద సాధారణంగా మనిషి ఎత్తు వరకు, అనువైన చోట అంతకన్నా ఎత్తుగా పెరుగుతుంది. కొమ్మలు గోధుమరంగులో ఉంటాయి. ఒక్కో ఆకుకు సుమారు 8 నుంచి 12 జతల పత్రకాలు, జతల నడుమ సన్నని గ్రంథులు ఉంటాయి. కాయ పలచగా, బల్లపరుపుగా ఉంటుంది. లోపలి గింజలు బయటి నుంచి చూస్తేనే లెక్కపెట్టవచ్చు. పశువులు దీని వగరు ఆకు జోలికి అంతగా పోవు. మేత కోసం మందలు నిత్యం తిరిగే బీడులో మిగతా మొక్కలు మోడుబారినా తంగేడు గుబురుగా నిలవడానికి ఇదొక ముఖ్య కారణం.

చిక్కుడు కుటుంబపు మొక్క కాబట్టి వేరు బుడిపెలతో గాలిలోని నత్రజనిని నేలకు చేరుస్తుందన్న భావన ఉంది. అది సరికాదు. సెన్నా ప్రజాతి మొక్కల వేళ్ళకు ఆ బుడిపెలు ఏర్పడవు. తంగేడు మండలను రైతులు వరి మడుల్లో తొక్కించడం వల్ల వచ్చిన మేలు ఆకులో ఉన్న సారానిదే.

పువ్వు నిర్మాణం మరింత శ్రద్ధగా చూడదగినది. ఐదు పసుపుపచ్చని ఆకర్షణ పత్రాలు, పది కేసరాలు ఉంటాయి. పైనున్న మూడు కేసరాలు వంధ్యమైనవి. మధ్యలోనివి పొట్టిగా, కింది వైపువి పొడవుగా వంగి ఉంటాయి. పువ్వులో తేనె లేదు. వచ్చిన కీటకానికి దక్కేది పుప్పొడి మాత్రమే. అదీ తేలిగ్గా దొరకదు. పరాగకోశం నిలువునా చీలకుండా కొసన చిన్న రంధ్రంతో తెరుచుకుంటుంది. తుమ్మెద పువ్వును గట్టిగా పట్టుకుని, రెక్కలు ఆడించకుండానే ఛాతీ కండరాలను ఝుమ్మని కంపింపజేస్తే ఆ రంధ్రంలోంచి పుప్పొడి చిమ్ముతుంది. పొట్టి కేసరాల పుప్పొడి దానికి తిండి. పొడవాటివి చిమ్మింది దాని ఒంటికి అంటుకుని మరో పువ్వుకు చేరుతుంది. తేనెటీగలకు ఈ కంపన విద్య లేదు, అవి రాలిన పొడిని ఏరుకుంటాయి. కీలం కొన్ని పూలలో కుడికి, కొన్నింటిలో ఎడమకు వంగడం మరో విశేషం. తంగేడు పూల జీవశాస్త్రాన్ని 1981లో వృక్షశాస్త్రవేత్త డుల్‌బెర్గర్ ప్రత్యేకంగా వివరించారు. అద్దంలో ప్రతిబింబాల్లాంటి ఈ రెండు రకాల పూల మధ్య పరాగం మారడానికి తుమ్మెద శరీరంలోని రెండు పక్కలూ వేరువేరుగా ఉపయోగపడతాయి.

మొక్కకు రక్షణగా ఉన్న వగరే మనిషికి సరుకైంది. బెరడులో సుమారు 18 నుంచి 20 శాతం టానిన్ ఉంటుంది. సున్నపు నీటిలో నానబెట్టి, వెంట్రుకలు గీకి తీసిన తోళ్ళను లంద అనే తొట్టిలో తంగేడు చెక్క ఊటలో ఊనబెడితే టానిన్ చర్మంలోని మాంసకృత్తులతో పెనవేసుకుంటుంది. అప్పుడు తోలు కుళ్ళదు, నీటికి పాడవదు. చెప్పులు, నీళ్ళు తోడే తోలు బొక్కెనలు, డప్పుల తయారీలో తరతరాలుగా నైపుణ్యం గడించిన దళిత కులాల వృత్తి విజ్ఞానం ఇది. దీన్ని రసాయన శాస్త్రంగా గుర్తించడం న్యాయం. మద్రాసు రేవు నుంచి విదేశాలకు ఎగుమతైన తోళ్ళకూ ప్రధానంగా ఈ చెక్కే ఆధారం. ఈ పద్ధతిలో ఒక లోపం ఉండేది: వెలుతురు తగిలిన తోలు క్రమంగా ఎరుపెక్కేది. చివర కరక్కాయ ఊటలో ముంచి దాన్ని అదుపు చేసేవారు. ఇరవయ్యో శతాబ్దంలో టానిన్ మరింత ఎక్కువగా ఉన్న వాటిల్ చెక్క దిగుమతి కావడంతో తంగేడు చెక్క పరిశ్రమ నుంచి తప్పుకుంది. నరికిన మొదలు నుంచి మళ్ళీ చిగురించే గుణం ఉండటం వల్ల ఇంత వాడకం తరువాత కూడా పొద నశించలేదు.

వైద్యంలో పువ్వు, ఆకు, గింజ, బెరడు అన్నింటికీ చోటుంది. ముఖ్యంగా మధుమేహానికి తమిళనాట పూల కషాయం తాగే అలవాటు పాతది. శ్రీలంకలో ఇదే పువ్వు రణవర పేరుతో తేనీరవుతుంది. జంతువులపై జరిగిన ప్రయోగాల్లో రక్తంలో చక్కెర తగ్గినట్టు కనిపించినా, దాన్ని బట్టి వైద్యుడిచ్చిన మందు మానుకోవడం ప్రమాదకరం.

వానలు పడ్డాక పూత జోరందుకుని భాద్రపద, ఆశ్వయుజ మాసాల్లో బీడు పచ్చబడుతుంది. బతుకమ్మ సరిగ్గా ఆ కాలపు పండుగ. మొదటి రోజైన ఎంగిలిపూల నాటి నుంచి చివరి రోజైన సద్దుల నాటి దాకా పేర్చే బతుకమ్మల్లో గునుగుతో పాటు తంగేడు తప్పనిసరి. 2014లో తెలంగాణ ఏర్పడ్డాక తంగేడును రాష్ట్ర పుష్పంగా ప్రకటించారు. అయితే పువ్వుకు గౌరవం దక్కినంతగా అది పూసే నేలకు దక్కలేదు. ఊరి బీళ్ళు ప్లాట్లవుతున్నాయి, గట్లు యంత్రాలతో చదునవుతున్నాయి. పట్టణాల్లో పండుగకు తంగేడు మండలు కొనుక్కోవలసి వస్తోంది.

పెంచాలనుకునేవారికి గింజల కొరత లేదు. గింజ పెంకు గట్టిది కాబట్టి నీరు లోపలికి తేలిగ్గా ఇంకదు. ఇసుకతో రుద్దో, వేడినీటిలో ఒకసారి ముంచి ఆ తరువాత చన్నీటిలో రాత్రంతా నానబెట్టో విత్తితే మొలక త్వరగా వస్తుంది. నీరు నిలవని, ఎండ బాగా తగిలే చోటు కావాలి. వేరు దిగాక ప్రత్యేకంగా నీరు పెట్టనక్కరలేదు.