ఒప్పుకోలు వెనక పనితనం

కన్ఫెషనల్ కవిత్వం అంటే మనసులో ఉన్నదంతా వెళ్లగక్కడమేనని చాలామంది అనుకుంటారు. ఆ కోవలో పెద్ద పేరు తెచ్చుకున్న అమెరికన్ కవయిత్రి ఆన్ సెక్స్‌టన్ మాత్రం ప్రాసలు కట్టడంతో మొదలుపెట్టింది.

1928లో మసాచుసెట్స్‌లోని న్యూటన్‌లో పుట్టిన ఆన్‌కు కాలేజీ డిగ్రీ లేదు. పందొమ్మిదేళ్లకే పెళ్లి, తర్వాత ఇద్దరు ఆడపిల్లలు. రెండో కాన్పయ్యాక మనోవ్యాధి ముదిరి ఆసుపత్రి పాలైంది. కవితలు రాయమని వెన్నుతట్టింది వైద్యుడు మార్టిన్ ఓర్న్. 1956 చివర్లో ఓ రాత్రి టీవీలో విమర్శకుడు ఐ.ఎ. రిచర్డ్స్ పద్నాలుగు పాదాల సానెట్ నిర్మాణాన్ని విడమరచి చెబుతుంటే విని, తానూ ఒకటి రాసేసింది. మరుసటి ఏడాది బోస్టన్‌లో జాన్ హోమ్స్ కవిత్వ తరగతిలో చేరింది. అక్కడే కవయిత్రి మాక్సిన్ క్యూమిన్‌తో స్నేహం కుదిరింది. ఇద్దరూ కవితల కోసమే ఇళ్లలో ఇంకో ఫోన్ లైన్ పెట్టించుకున్నారు. గంటల తరబడి ఫోన్ పెట్టేసేవారు కాదు. మధ్యలో ఇంటిపని చూసుకుని వచ్చి, రిసీవర్‌లోకి ఈల వేసి పిలుచుకునేవారు.

కన్ఫెషనల్ ధోరణికి ఆ పేరు పడింది 1959లో. కవి రాబర్ట్ లోవెల్ సంపుటి ‘లైఫ్ స్టడీస్’ను ‘ద నేషన్’ పత్రికలో సమీక్షిస్తూ విమర్శకుడు ఎం.ఎల్. రోజెంతాల్ ఆ మాట వాడాడు. అప్పటికే బోస్టన్ యూనివర్సిటీలో లోవెల్ చెప్పే తరగతికి ఆన్, కవయిత్రి సిల్వియా ప్లాత్ ఇద్దరూ వెళ్లారు. అయితే ఆన్‌కు తన గురించి రాసే ధైర్యమిచ్చింది, విడాకులతో దూరమైన కూతురి మీద డబ్ల్యు.డి. స్నాడ్‌గ్రాస్ రాసిన ‘హార్ట్స్ నీడిల్’ కవిత.

ఆన్ రాసిన పిచ్చాసుపత్రి కవితలు అచ్చు వేయొద్దని హోమ్స్ వారించాడు. ఆన్ వినలేదు. ఆయనకు జవాబుగా ఇంకో కవిత రాసి, దాన్నీ 1960లో వచ్చిన తొలి సంపుటి ‘టు బెడ్లమ్ అండ్ పార్ట్ వే బ్యాక్’లో చేర్చింది. 1967లో ‘లివ్ ఆర్ డై’కి పులిట్జర్ బహుమతి వచ్చింది.

ఆమె చెప్పినవన్నీ జరిగినవి కావు. ఆన్‌కు అన్నదమ్ములు లేరు. అయినా యుద్ధంలో చనిపోయిన తమ్ముడి మీద కవిత రాస్తే, నిజంగానే తమ్ముడు పోయాడని నమ్మిన విమర్శకుడూ ఉన్నాడు. కల్పనను అంతగా నమ్మించడం పనితనం ఉంటేనే సాధ్యం.

1974 అక్టోబర్ 4న, నలభై అయిదేళ్ల వయసులో ఆమె ప్రాణం తీసుకుంది. 1991లో వచ్చిన ఆమె జీవితచరిత్రకు వైద్యుడు ఓర్న్ చికిత్స నాటి టేపులు ఇవ్వడంతో పెద్ద రగడ జరిగింది. ఆ గొడవలో పడి కవిత్వాన్ని పట్టించుకున్నవారు తగ్గారు. ఆన్‌ను చదవాలనుకుంటే జీవితచరిత్ర జోలికి వెళ్లకముందే తొలి సంపుటి తెరవండి.