బెర్లిన్ కలం, బొంబాయి కథ

1939 మార్చి. నాజీ సైన్యం ప్రాగ్‌లోకి దిగింది. విల్లీ హాస్‌కు నలభై ఏడేళ్లు. యూదుడు. 1933లో హిట్లర్ గద్దెనెక్కగానే బెర్లిన్ వదిలి పుట్టినూరు ప్రాగ్‌కు పారిపోయి వచ్చాడు. ఇప్పుడు పుట్టినూరూ చేజారింది.

ఎవరీ హాస్? 1922లో మూర్నౌ తీసిన ‘మండుతున్న పొలం’ సినిమా రచయితల్లో ఒకడు. 1925లో దర్శకుడు పాబ్స్ట్ కోసం ‘ఆనందం లేని వీధి’ రాశాడు. అందులో, మొదటి ప్రపంచ యుద్ధం ముగిశాక వియన్నాలో ధరలు మండిపోతున్నాయి. మాంసం దుకాణం ముందు రాత్రంతా ఆడవాళ్ల బారు. ముక్క కావాలంటే కసాయి అడిగినదానికి ఒప్పుకోవాలి. గ్రెటా గార్బోను యూరప్ అంతా గుర్తుపెట్టుకున్న సినిమా అది. మూల నవల రాసిన బెట్టావర్‌ను ఓ నాజీ యువకుడు కాల్చేశాడు. రెండు నెలలు దాటిన కొద్ది రోజులకే బొమ్మ విడుదలైంది. ఆ బొమ్మకు దేశానికో సెన్సారు, తలా ఒక కత్తెర!

ప్రాగ్ కూడా వదిలి హాస్ బొంబాయి చేరాక, ఆ చేయే అక్కడ మోహన్ భవ్నానీ సినిమా కంపెనీకి కథలు అల్లింది. భవ్నానీ జర్మనీలో సినిమా నేర్చుకున్నవాడు. ప్రేమ్‌చంద్‌తో ‘మజ్దూర్’ రాయించింది ఆయనే. రేడియోలో మనం విన్న ఆకాశవాణి రాగం కట్టిన వాల్టర్ కాఫ్‌మన్ కూడా అప్పటికే ప్రాగ్ నుంచి బొంబాయి చేరాడు.

హాస్ ఏం రాశాడనుకుంటున్నారు? పాటల ప్రేమకథ కాదు. నార్వే రచయిత ఇబ్సెన్ నాటకం ‘గోస్ట్స్’! తండ్రి విచ్చలవిడితనం కొడుక్కి రోగమై సంక్రమిస్తుంది, పరువు కోసం తల్లి నిజం దాస్తుంది. 1940లో అది ‘ఝూఠీ శర్మ్’ అయింది. పరువు కోసం నోరు కుట్టుకునే తల్లిని నార్వే నుంచి తెచ్చాడు గానీ, ఆమె ఇక్కడి ఇళ్లకు కొత్త మనిషేమీ కాదు. తెలివైన ఎంపిక అని నా అభిప్రాయం. అదే ఏడాది అదే భవ్నానీ ‘ప్రేమ్ నగర్’తో నౌషాద్ అనే కుర్రాడు సంగీత దర్శకుడయ్యాడు.

తర్వాత హాస్ బ్రిటిష్ ఇండియా సైన్యంలో ఉద్యోగానికి కుదిరాడు. ఏం పనో తెలుసా? సెన్సారు! తన సినిమాను దేశదేశాల్లో కత్తిరించిన కత్తెర ఇప్పుడు తన చేతికే వచ్చింది.

1947లో యూరప్‌కు తిరిగి వెళ్లి, హాంబుర్గ్‌లో ‘డీ వెల్ట్’ పత్రికలో ‘కాలిబన్’ అనే మారుపేరుతో రాశాడు. రచయిత కాఫ్కా తన ప్రియురాలు మిలెనాకు రాసిన ఉత్తరాలను 1952లో అచ్చుకు సిద్ధం చేసిందీ ఇతనే. ఆ పుస్తకం చదివినవాళ్లు చాలామందే ఉన్నారు. దాని సంపాదకుడు ఒకప్పుడు బొంబాయిలో హిందీ సినిమాకు కథ రాశాడని వాళ్లలో ఎందరికి తెలుసు?