అసలుకు రెట్టింపు: హోమ్ లోన్ వెనక ఒక పాత లెక్క

ముందుగా మీకో చిన్న ప్రశ్న. 50 లక్షల హోమ్ లోన్, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు. చివరి కిస్తీ కట్టేసరికి మొత్తం ఎంత కట్టి ఉంటాం? వీడియో పాజ్ చేసి ఒక నంబర్ అనుకోండి.

ఈ ప్రశ్న నేను చాలామందిని అడిగాను. దాదాపు అందరూ "నెలకి 43 వేలు పడుతుంది" అన్నారు. నేను అడిగింది మొత్తం, వాళ్లు చెప్పింది నెలకి. లోన్ అనగానే మన బుర్ర నేరుగా ఈఎంఐ దగ్గరికి వెళ్లిపోతుంది. మన ముత్తాతల కాలంలో ఇలా ఉండేది కాదు. అప్పు అంటే వాళ్లు చూసింది మొత్తం. అదెప్పుడు మారింది, ఎందుకు మారింది, దాని వల్ల మనకి ఏం పోతోంది అన్నదే ఈ ఎపిసోడ్.

సమాధానం ముందే చెప్పేస్తాను. ఈఎంఐ 43,391 రూపాయలు. అలాంటివి 240. మొత్తం 1 కోటి 4 లక్షలు. అంటే అసలు 50 లక్షలు, వడ్డీ 54 లక్షలు. అసలుకు రెట్టింపు కంటే కాస్త ఎక్కువే. ఈ "రెట్టింపు" అనే మాట గుర్తుపెట్టుకోండి, కథంతా దాని చుట్టూనే తిరుగుతుంది.

రెండు రూపాయల వడ్డీ

మన ఊళ్లలో ఇప్పటికీ వడ్డీని శాతాల్లో చెప్పరు. "రెండు రూపాయల వడ్డీ" అంటారు. అంటే నూటికి నెలకి రెండు రూపాయలు. ఏడాదికి 24 శాతం. ఈ లెక్క చాలా పాతది. మనుస్మృతిలోనూ వడ్డీ ఇలాగే, నూటికి నెలకి ఇంత అని ఉంటుంది. అక్కడే ఒక దారుణం కూడా ఉంది. బ్రాహ్మణుడికి నూటికి రెండు, క్షత్రియుడికి మూడు, వైశ్యుడికి నాలుగు, శూద్రుడికి ఐదు. కష్టపడేవాడికే ఎక్కువ వడ్డీ! కాబట్టి పాతదంతా బంగారం అని నేను చెప్పట్లేదు.

కానీ అదే పుస్తకంలో ఇంకో నియమం ఉంది. డబ్బు అప్పుకి ఒక్కసారిగా వసూలు చేసే మొత్తం అసలుకు రెట్టింపు దాటకూడదు. అంటే పేరుకున్న వడ్డీ అసలంత అయ్యిందంటే అక్కడితో ఆగాలి. దీన్నే దామ్‌దుపట్ అంటారు. బ్రిటిష్ వాళ్లు వచ్చాక కూడా బొంబాయి ప్రెసిడెన్సీలో, కలకత్తా నగరంలో హిందూ రుణగ్రస్తుల విషయంలో కోర్టులు దీన్ని పాటించాయి. మన ఆంధ్ర ప్రాంతం ఉన్న మద్రాసు ప్రెసిడెన్సీలో మాత్రం ఇది పెద్దగా నడవలేదు.

ఇక్కడ ఒక తేడా గమనించాలి. దామ్‌దుపట్ చూసేది ఒకేసారి వసూలు చేసే బాకీని. పదేళ్లుగా కడుతూ వచ్చిన వడ్డీని అది లెక్కలోకి తీసుకోదు. ఆ లెక్క వేసిన చట్టం వేరే ఉంది. అది నేరుగా మన జిల్లాలకి సంబంధించింది. దాని దగ్గరికి వస్తాను.

1855లో బ్రిటిష్ ప్రభుత్వం వడ్డీ మీద ఉన్న పాత చట్టపరమైన పరిమితులను ఎత్తేసింది. ఇద్దరూ ఒప్పుకుంటే ఎంత వడ్డీ అయినా సరే. 1882లో ఆస్తి బదిలీ చట్టం వచ్చి తనఖాలను రకాలుగా విడదీసింది. స్వాధీన తనఖా అందులో ఒకటి. పొలం అప్పిచ్చినవాడి చేతిలో ఉంటుంది, వడ్డీ కింద పంట వాడే తింటాడు. ఇంకొకటి, ఒరిజినల్ దస్తావేజులు అప్పిచ్చినవాడి దగ్గర పెట్టడం. మద్రాసు, బొంబాయి, కలకత్తా లాంటి నగరాల్లో ఈ పద్ధతి నడిచేది. ఈరోజు బ్యాంకు మీ ఫ్లాట్ ఒరిజినల్ కాగితాలు దగ్గర పెట్టుకునేది ఈ పద్ధతిలోనే. యాప్ కొత్తదే, కింద నడుస్తున్న చట్టం మాత్రం 1882 నాటిది.

ఇక 1930ల్లోకి రండి. ప్రపంచమంతా ఆర్థిక మాంద్యం. ధాన్యం ధరలు కూలిపోయాయి. రైతు చేసిన అప్పు మాత్రం అలాగే ఉంది. పది బస్తాలు అమ్మి తీర్చాలనుకున్న అప్పుకి ఇప్పుడు ఇంకెన్నో బస్తాలు అమ్మాలి. 1937లో మద్రాసులో రాజాజీ ప్రభుత్వం వచ్చింది, 1938లో వ్యవసాయదారుల రుణ విమోచన చట్టం చేసింది. అందులో ఒక నిబంధన చూడండి: 1932 అక్టోబర్ 1కి ముందు చేసిన అప్పు మీద రైతు అసలైనా, వడ్డీ అయినా కలిపి ఇప్పటిదాకా అసలుకు రెట్టింపు కట్టేసి ఉంటే, ఆ అప్పు మొత్తం తీరిపోయినట్టే. ప్రోనోటు మీద ఇంకా ఎంత బాకీ ఉన్నా సరే.

అంటే కృష్ణా, గోదావరి, అనంతపురం, కడప రైతుల విషయంలో చట్టం ఒక గీత గీసింది. "ఇప్పటిదాకా మొత్తం ఎంత కట్టావు?" అని అడిగింది. రెట్టింపు అయితే చాలు, ఇంటికి వెళ్లిపో అంది.

మరి ఈఎంఐ ఎక్కడిది?

అదే మాంద్యంలో, అదే ఏళ్లలో, అమెరికాలో ఇంకో కథ నడుస్తోంది. 1920ల్లో అక్కడ ఇంటి అప్పు అంటే మూడేళ్లు, ఐదేళ్లు, మహా అయితే పదేళ్లు. చాలా అప్పుల్లో కట్టేది వడ్డీ మాత్రమే. అసలు అలాగే ఉంటుంది, గడువు చివర ఒకేసారి కట్టాలి. కట్టలేకపోతే? మళ్ళీ కొత్త అప్పుగా రాయించుకోవాలి. రోజులు బాగున్నంత కాలం ఇది నడిచింది. 1929 తర్వాత బ్యాంకులే మూతపడుతుంటే తిరగరాసేదెవరు? 1933 నాటికి రోజుకి దాదాపు వెయ్యి ఇళ్లు జప్తు అవుతున్నాయి.

అప్పుడు రూజ్‌వెల్ట్ ప్రభుత్వం హోమ్ ఓనర్స్ లోన్ కార్పొరేషన్ అనే సంస్థ పెట్టింది. దాదాపు 10 లక్షల ఇళ్ల అప్పులను అది తన మీద వేసుకుని 15 ఏళ్ల గడువుకి మార్చింది. నెలనెలా ఒకే మొత్తం, అందులోనే వడ్డీ, అందులోనే కొంచెం అసలు. చివరి నెలకి బాకీ సున్నా. 1934లో వచ్చిన ఫెడరల్ హౌసింగ్ అడ్మినిస్ట్రేషన్ దీన్ని 20 ఏళ్లకి తీసుకెళ్లింది, తర్వాత అది 30 ఏళ్లు అయ్యింది. అయితే నల్లజాతి వాళ్లు ఉండే పేటలను మ్యాపుల మీద ఎర్ర రంగుతో గుర్తుపెట్టి, వాళ్లని ఈ మేలుకి దూరంగా ఉంచారు. అది ఇంకో ఎపిసోడ్ అంత కథ.

ఈఎంఐ మోసం చేయడానికి పుట్టింది కాదని ఇక్కడ ఒప్పుకోవాలి. ఇళ్లు పోతున్న మనుషులని కాపాడటానికి వచ్చింది. వడ్డీ మాత్రమే కట్టే అప్పు ఎప్పటికీ తీరదు, ఈఎంఐ కడితే ఏదో ఒకరోజు తీరుతుంది. అది నిజమైన మేలు. కానీ దాంతో పాటు ప్రశ్న కూడా మారిపోయింది. "మొత్తం ఎంత?" పోయి "నెలకి ఎంత?" వచ్చింది. నెలకి సరిపోతే చాలు, అప్పు సరిపోయినట్టే అనుకోవడం మొదలైంది.

మన దగ్గరికి ఇది పెద్ద ఎత్తున రావడానికి ఇంకా టైమ్ పట్టింది. సొంతిల్లు అంటే పీఎఫ్, గ్రాట్యుటీ చేతికొచ్చాక, అంటే రిటైరయ్యాక కట్టుకునేది. ఐసీఐసీఐ నుంచి రిటైరైన హస్‌ముఖ్‌భాయ్ పారేఖ్ 1977లో హెచ్‌డీఎఫ్‌సీ పెట్టారు. జీతం వస్తున్న వయసులోనే ఇల్లు, తర్వాత నెలనెలా కట్టుకోవడం. ఆ రూట్‌లోనే ఈరోజు మియాపూర్‌లో, మధురవాడలో, కొంపల్లిలో మన ఫ్లాట్లు లేస్తున్నాయి.

స్క్రిప్ట్ రాసి చూస్తే

నేను ఇంజనీర్‌ని కదా, పది లైన్ల లూప్ రాసి నెలనెలా ఏం జరుగుతుందో చూశాను. మొదటి నెల ఈఎంఐ 43,391లో వడ్డీ 35,417. అసలులోకి వెళ్లింది 7,974. అంతే!

పదేళ్లు కట్టాక? మీ జేబులోంచి 52 లక్షలు వెళ్లిపోయాయి. తీసుకున్న అప్పు కంటే ఎక్కువ. బాకీ ఎంత ఉంది? ఇంకా 35 లక్షలు. అసలులో సగం తీరడానికి 13 ఏళ్ల 10 నెలలు పడుతుంది. ఇందులో దొంగలెక్క ఏమీ లేదు. ప్రతి నెలా మిగిలి ఉన్న బాకీ మీద వడ్డీ, మొదట్లో బాకీ పెద్దది కాబట్టి వడ్డీ పెద్దది.

ఇప్పుడు 30 ఏళ్లకి పెట్టి చూద్దాం. ఈఎంఐ 38,446. నెలకి 4,945 రూపాయలు తగ్గింది, హాయిగా ఉంది. మొత్తం? 1 కోటి 38 లక్షలు. 34 లక్షలు పెరిగింది. 1938 గీతని ఈ లోన్ మీద పెడితే, 261వ నెలలో మనం అసలుకు రెట్టింపు కట్టేశాం. ఆ చట్టం ప్రకారమైతే అప్పు తీరిపోయింది. మన అగ్రిమెంట్ ప్రకారం ఇంకా 99 కిస్తీలు ఉన్నాయి.

ఇంకో తలనొప్పి ఫ్లోటింగ్ రేటు. 2022 మేలో 4 శాతం ఉన్న రెపో రేటు 2023 ఫిబ్రవరికి 6.5 అయ్యింది. చాలామందికి ఈఎంఐ మారలేదు, "హమ్మయ్య" అనుకున్నారు. మారింది గడువు. లెక్క చూడండి: 50 లక్షలు, 7 శాతం, 20 ఏళ్లు అంటే ఈఎంఐ 38,765. రేటు 9.5 అయితే ఆ 50 లక్షల మీద ఒక నెల వడ్డీయే 39,583. ఈఎంఐ అలాగే ఉంచితే వడ్డీకే చాలదు, అసలు తగ్గడం మాట దేవుడెరుగు. అందుకే 2023 ఆగస్టులో ఆర్‌బీఐ, రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా అన్నది ఎంచుకునే అవకాశం కస్టమర్‌కి ఇవ్వాలని చెప్పింది.

రెండో వైపు కూడా చూద్దాం

బ్యాంకునీ పాతకాలపు వడ్డీ వ్యాపారినీ ఒకే గాటన కట్టేయడం న్యాయం కాదు. రెండు రూపాయల వడ్డీకి అప్పు 50 నెలల్లో రెట్టింపవుతుంది. మనకి రెట్టింపు కట్టడానికి 19 ఏళ్లు పైనే పట్టింది. పైగా రూపాయి విలువ తగ్గుతూ ఉంటుంది. ధరలు ఏడాదికి 6 శాతం చొప్పున పెరిగితే 20 ఏళ్ల తర్వాత కట్టే 43,391 ఈనాటి 13,500తో సమానం. అద్దె కూడా మిగులుతుంది. కాబట్టి లోన్ తీసుకోవద్దని నేను చెప్పను.

నేను చెప్పేది వేరే. రూపాయల లెక్కలోకి రాని ధర ఒకటుంది. నేను ఉద్యోగంలో ఉన్నప్పుడు ఆఫీసులో లేఆఫ్‌ల పుకారు లేచింది. మా టీమ్‌లో భయం అందరికీ ఒకేలా లేదు. జీతం ఎక్కువున్న సీనియర్లే ఎక్కువ వణికిపోయారు, ఎందుకంటే ప్రతి నెలా 5వ తారీకు వాళ్లకి ఉంది. నచ్చని మేనేజర్‌తో గొడవ పడాలన్నా, జీతం తక్కువైనా వేరే పని నేర్చుకోవాలన్నా, అమ్మ ఆపరేషన్‌కి మూడు నెలలు సెలవు పెట్టాలన్నా ముందు ఆ తారీకుని అడగాలి. నేను ఉద్యోగం మానేసి ఈ ఛానల్ పెట్టగలిగానంటే కారణం ధైర్యం ఒక్కటే కాదు, నా పేరు మీద ఈఎంఐ లేకపోవడం కూడా. 28 ఏళ్లకి 30 ఏళ్ల లోన్ తీసుకుంటే 58 ఏళ్ల వరకు చేయబోయే నిర్ణయాలన్నిటిలో బ్యాంకుకి ఒక కుర్చీ వేసినట్టే.

మరి ఏం చేయాలి? 2024 అక్టోబర్ 1 నుంచి లోన్ ఇచ్చేముందు కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ ఇవ్వడం తప్పనిసరి. ఫీజులన్నీ కలిపిన అసలైన వార్షిక రేటు, నెలనెలా పట్టిక అందులో ఉంటాయి. సంతకానికి ముందు ఆ పట్టిక చివరి లైన్ చదవండి. ఇప్పటికే లోన్ ఉంటే యాప్‌లో రెండు నంబర్లు చూడండి: ఇప్పటిదాకా కట్టింది ఎంత, గడువు మొదట అనుకున్నదేనా, పెరిగిందా. సొంతింటి ఫ్లోటింగ్ రేటు లోన్ ముందుగా తీర్చినా బ్యాంకులు జరిమానా వేయకూడదని ఆర్‌బీఐ 2012లోనే చెప్పింది. బోనస్ వచ్చినప్పుడు ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కట్టినా మన 20 ఏళ్ల లోన్ 17 ఏళ్లలోపే అయిపోతుంది, వడ్డీలో దాదాపు 10 లక్షలు మిగులుతాయి. రేటు ఇలాగే ఉంటేనే సుమా.

1938లో ఆ రైతు తరఫున లెక్క అడగడానికి ఒక చట్టం వచ్చింది. మన లోన్ మీద అలాంటి గీత గీసేవాళ్లు ఎవరూ రారు. బ్యాంకు డెస్క్ దగ్గర "సార్, నెలకి ఎంత వరకు కంఫర్టబుల్?" అని అడుగుతారు. దానికి జవాబు చెప్పే ముందు మన ప్రశ్న మనం అడుగుదాం: "మొత్తం ఎంత కట్టాలండీ?"

ఇంట్లో ఎవరికైనా లోన్ ఉంటే ఆ రెండు నంబర్లు ఈరోజే వాళ్లతో కూర్చుని చూడండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను.