బదిలీ ఆర్డరూ, కోదాడ అవతలి గీతా

శుక్రవారం రాత్రి హైదరాబాదులో బెజవాడ బస్సెక్కే మనవాళ్ళకి సూర్యాపేట అంటే టీ బ్రేకు, కోదాడ అంటే సగం నిద్ర. గుంటూరు వైపు పోయేవాళ్ళకి మిర్యాలగూడా అంతే. ఆ ఊళ్ళలో పనిచేసే గుమాస్తాకో, బళ్ళో పంతులుగారికో మాత్రం అక్కడ మనకి కనబడని గీతలు కొన్ని ఉన్నాయి.

మనకి ట్రాన్స్‌ఫర్ వస్తే హెచ్చార్‌కి నాలుగు మెయిళ్ళు కొడతాం, కుదరకపోతే పేపరు పెట్టేస్తాం. సర్కారు ఉద్యోగి కోర్టుకెళ్తాడు, చాలావరకు ఓడిపోతాడు. 1993లో ఎస్.ఎల్. అబ్బాస్ కేసులో సుప్రీంకోర్టు తేల్చి చెప్పేసింది: ఎవర్ని ఎక్కడ వెయ్యాలనేది అధికారుల పని. దురుద్దేశం ఉంటేనో, చట్టబద్ధమైన నిబంధన తప్పితేనో తప్ప కోర్టు వేలు పెట్టదు. భార్యాభర్తల్ని ఒకచోట ఉంచాలన్న మార్గదర్శకం కూడా ఉద్యోగికి హక్కేమీ ఇవ్వదట!

కానీ ఉద్యోగులు గెలిచిన కేసు ఒకటుంది, చాలామందికి గుర్తుండదు. తెలంగాణవాళ్ళకి కేటాయించిన పోస్టుల్లో స్థానికేతరులు చేరిపోయారన్న కోపంతో 1969లో ఉద్యమం రగిలింది. ఆ కోపంలో న్యాయం ఉంది, ఇచ్చిన మాట తప్పింది ప్రభుత్వమే. జనవరి 21న జీవో 36 వచ్చింది: అలాంటివాళ్ళని ఫిబ్రవరి 28లోగా ఆంధ్ర ప్రాంతానికి పంపెయ్యాలి, అక్కడ ఖాళీల్లేకపోతే సూపర్‌న్యూమరరీ పోస్టులు సృష్టించాలి. నల్లగొండ జిల్లాలో అయితే కోదాడ అవతల జగ్గయ్యపేట వైపు పొమ్మన్నట్టే. ఉద్యోగులు కోర్టుకెక్కారు. మార్చి 28న హిదయతుల్లా బెంచి, 1957 నాటి నివాస అర్హతల చట్టంలో తెలంగాణకి సంబంధించిన నిబంధనే చెల్లదంది. రాజ్యాంగం 16(3) 'రాష్ట్రంలో' నివాసం అంటోంది గానీ, రాష్ట్రంలో ఒక ముక్కలో అనలేదుగా! మన భాషలో చెప్పాలంటే, బగ్గు కోడ్‌లో కాదు, స్పెక్‌లోనే.

దాంతో చివరికి స్పెక్కే మార్చారు. 1972లో సుప్రీంకోర్టు ముల్కీ నిబంధనలు చెల్లుతాయనడం, అటు జై ఆంధ్ర రేగడం, 1973లో ఆరు సూత్రాలు, తర్వాత 32వ సవరణతో 371డి అధికరణం. 1975 రాష్ట్రపతి ఉత్తర్వుతో కోదాడ ఆరో జోను, జగ్గయ్యపేట రెండో జోను అయ్యాయి. అన్నిటికంటే ముఖ్యమైన లైను 371డిలో చివర్న ఉంది: రాజ్యాంగంలో ఇంకెక్కడ ఏమున్నా ఇదే చెల్లుతుంది. 1969లో గెలిపించిన వాదనకి అక్కడితో తలుపు మూసేశారన్నమాట.

ఆ తలుపు దెబ్బ 2021లో తెలంగాణ ఉద్యోగులకే తగిలింది. 2016లో నల్లగొండని మూడు జిల్లాలు చేశారు. కోదాడ సూర్యాపేటలోకి పోయింది, మిర్యాలగూడ నల్లగొండలోనే ఉండిపోయింది. 2018 కొత్త రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం ఉద్యోగుల్ని పంచడానికి 2021 డిసెంబర్ 6న జీవో 317 ఇచ్చారు. సీనియారిటీ చూశారు, ఆప్షన్లు అడిగారు, స్థానికత చూడలేదు. స్థానికుల కోసం పుట్టిన ఏర్పాటులో!

జిల్లా కేడరు ఎస్జీటీ టీచరుకి ఇది మామూలు బదిలీ కాదు. ఒకప్పుడు మిర్యాలగూడ నుంచి కోదాడకి మారాలంటే కౌన్సెలింగ్‌లో సొంత జిల్లాలోనే అడగొచ్చు. ఇప్పుడది వేరే జిల్లా. పుట్టి పెరిగిన చోటుకి తిరిగి రావడానికి మామూలు కౌన్సెలింగ్ చాలదు. హైకోర్టులో రిట్లు పడ్డాయి. వాటికి ఎదురుగా నిలబడింది ఆ 371డి కింద వచ్చిన ఉత్తర్వే.

2024లో మంత్రివర్గ ఉపసంఘం వేశారు. ఆ ఏడాది చివర్లో స్పౌజ్, అనారోగ్యం, పరస్పర బదిలీ కారణాల మీద కొందరికి దారిచ్చారు. ఆ మూడు కారణాల్లో స్థానికత లేదు.