హాలె పట్టణ వీధులలో ఒక ఉదయము



మన పల్లెకు చుట్టము వచ్చినయెడల మనమేమి చేయుదుము? కాళ్లకు నీళ్లిచ్చి, అన్నము పెట్టి, ఎండ చల్లబడిన తరువాత వెంటబెట్టుకొని ఊరు చూపుదుము. ఇది చెరువు, ఇది మా తాతలు మట్టిగోడలతో కట్టుకొనిన మొదటి గుడి, ఈ చింతచెట్టు క్రిందనే తొలి బోధకుడు నిలిచి సువార్త చెప్పెను అని చూపుచు నడచుదుము. ఐరోపా ఖండములోని పాత పట్టణములలో ఈ పనినే వృత్తిగా చేసికొనినవారు కలరు. వారు నియమించిన వేళకు బజారు నడుమ నిలిచియుందురు. చూడగోరినవారు కొంత రుసుము చెల్లించి, వారి వెంట రెండు గంటలసేపు కాలినడకను తిరుగుదురు.

కొన్ని సంవత్సరముల క్రిందట సంఘకార్యముమీద జర్మనీ దేశమునకు వెళ్లినప్పుడు నేనట్లు ఒక పట్టణము చూచితిని. దాని పేరు హాలె. మీలో అనేకులు ఆ పేరు వినియుండరు. అయినను మన తెలుగు క్రైస్తవుల కథలో ఒక అధ్యాయము అక్కడ నున్నది. కాబట్టి నేడు నేను దారి చూపువాడనగుదును. మీరు నాతో నడచి రండి.

హాలె సాలె నది యొడ్డున నున్నది. పూర్వము ఆ ఊరికి జీవనాధారము ఉప్పు. మన సముద్రతీరమున మళ్లలో నీరు పెట్టి ఎండకు ఉప్పు పండించుదురు గదా! అక్కడ భూమిలోని ఉప్పునీటి బావులనుండి నీరు తోడి, పెద్ద పెనములలో పోసి, కట్టెలు మండించి కాచెడివారు. ఆ ఉప్పు దూరదేశములకు పోయెను, ఊరికి ధనము వచ్చెను.

మాకు దారి చూపినది బడిపంతులమ్మగా పనిచేసి విరమించిన ఒక పెద్దామె. బజారు నడుమ నిలిచి, “తలలెత్తి గోపురములు లెక్కపెట్టుడి” అనెను. అయిదు గోపురములు కనబడెను. ఒకటి వేరుగా నిలిచిన ఎర్ర గోపురము. తక్కిన నాలుగును ఒకే దేవాలయమునకు చెందినవి. ఒక గుడికి నాలుగు గోపురములేల అని మేమడిగితిమి. ఆ జవాబులోనే ఒక గొప్ప పాఠమున్నది, వినుడి.

పూర్వమక్కడ రెండు దేవాలయములు ప్రక్క ప్రక్కన నుండెను. ఆ కాలమున హాలెలో కాపురమున్న ప్రభువు ఆల్‌బ్రెఖ్ట్ అను కార్డినలు. పాపక్షమాపణ చీట్లు అమ్మించినవాడు ఇతడే. 1517వ సంవత్సరము అక్టోబరు 31వ తేదీన మార్టిన్ లూథరు ఉత్తరము వ్రాసినది ఇతనికే. లూథరు బోధ వ్యాపించుట చూచి, దానికి అడ్డుగోడగా నుండునట్లు ఒక మహా దేవాలయము కట్టింపవలెనని ఇతడు తలంచెను. ఆ రెండు గుడులను పడగొట్టించి, గోపురములను మాత్రము ఉంచి, వాటి నడుమ 1529లో క్రొత్త గుడి పని ప్రారంభింపజేసెను. పని ముగియకముందే 1541లో అతడు ఆ ఊరు విడిచిపోయెను. ఆ సంవత్సరమే లూథరు స్నేహితుడగు యూస్టుస్ యోనాస్ ఆ గుడిలో నిలిచి సువార్త ప్రసంగము చేసెను. తరువాత లూథరు తానే వచ్చి అక్కడ ప్రసంగించెను. 1546 ఫిబ్రవరిలో ఐస్లెబెన్‌లో అతడు మరణించినప్పుడు, విట్టెన్‌బర్గునకు తీసికొనిపోవుచున్న ఆ దేహమును ఒక రాత్రి ఈ గుడిలోనే ఉంచిరి. మైనముతో తీసిన అతని ముఖపు అచ్చును చేతుల అచ్చును నేటికిని అక్కడ చూపుదురు. అడ్డుగోడగా కట్టిన గుడి తలుపైనది! మనుష్యుడు కట్టును, దానిని దేనికి వాడుకొనవలెనో దేవుడు నిర్ణయించును.

ఈ గుడిలోనే 1685లో ఒక బిడ్డకు బాప్తిస్మమిచ్చిరి. అతడే పెద్దవాడై “మెస్సీయ” అను గీతమాలికను కూర్చిన సంగీతకారుడు హాండెల్. అతడు బాల్యమున వాయించుట నేర్చుకొనిన చిన్న ఆర్గను ఇంకను బలిపీఠముపైన నున్నది.

అక్కడనుండి దక్షిణముగా ఒక ఇరుకు వీధిలో నడచితిమి. ఒక ఇంటి ముందర మా దారి చూపునామె ఆగి, “అయ్యగారూ, మీరు పాస్టరుగారు గనుక ఈ మాట మీకు చెప్పవలెను. ఇక ముందు మీరు చూడబోవునది గొప్ప భక్తుల స్థలము. ఈ ఇల్లు ఆ భక్తులు చేసిన తప్పును జ్ఞాపకము చేయును” అనెను. ఆ ఇల్లు క్రిస్టియన్ వోల్ఫ్ అను తత్త్వశాస్త్ర పండితునిది. హాలె విశ్వవిద్యాలయములో అతడు ఉపాధ్యాయుడు. చీనా దేశస్థులు మన గ్రంథము నెరుగకయే మంచి నీతి నేర్చుకొనిరని 1721లో అతడొక ఉపన్యాసము చేసెను. ఆ ఊరి భక్తులైన వేదాంతులు కోపించి అతనిమీద నేరము మోపిరి. తుదకు 1723లో ప్రష్యా రాజు, నలువది యెనిమిది గంటలలో దేశము విడువవలెను, లేనియెడల ఉరి అని ఆజ్ఞ యిచ్చెను. పదునేడు సంవత్సరముల తరువాత క్రొత్త రాజు అతనిని గౌరవముతో మరల పిలిపించెను. ప్రార్థనాపరులు సయితము తమకు నచ్చని మాట చెప్పినవానిని రాజదండముచేత వెళ్లగొట్టించిరి. మన సంఘ పంచాయతీలలో ఒక కుటుంబమును వెలివేయుటకు తొందరపడునప్పుడు ఈ ఇంటిని తలంచుకొనుడి.

మరికొంత నడచినంతట పాత పట్టణపు సరిహద్దు దాటి గ్లౌఖా అను చోటికి చేరితిమి. మూడు వందల యేండ్ల క్రిందట ఇది గోడకు వెలుపలి పేద పేట. తెగులు వచ్చి అనేకులు చనిపోయిరి. సారా అంగళ్లు మాత్రము మిక్కుటముగా నుండెను. 1692లో ఈ పేటకు పాస్టరుగా వచ్చినవాడు ఆగస్ట్ హెర్మన్ ఫ్రాంకె. వారమువారము భిక్షకొరకు తన వాకిటికి వచ్చు పిల్లలు ప్రార్థన గాని అక్షరము గాని యెరుగకుండుట చూచి అతడు దుఃఖించెను. బీదల కొరకు తన యింటిలో ఒక కానుక పెట్టె పెట్టెను. 1695వ సంవత్సరమున ఒకనాడు ఆ పెట్టె తెరవగా, ఎవరో ఒక్కరే వేసిన నాలుగు టాలర్ల పదునారు గ్రోషెనులు కనబడెను. అప్పటి లెక్కకు అది ఒక బడి పెట్టదగిన ధనము కాదు. అయినను ఇది మంచి మూలధనమని ఫ్రాంకె సంతోషించి, దానితో పుస్తకములు కొని, ఒక పేద విద్యార్థిని పిలిచి, దినమునకు రెండు గంటలు పిల్లలకు చదువు చెప్పుమని నియమించెను. పుస్తకములు ఇంటికి తీసికొనిపోయిన పిల్లలలో చాలమంది తిరిగి రాలేదు, పుస్తకములును రాలేదు. ఫ్రాంకె మరల పుస్తకములు కొనెను. ఈసారి వాటిని బడిలోనే ఉంచెను.

చదువరులారా, ఈ మాట వినగానే నా కాళ్లు ఆగిపోయెను. కారణము మీతో దాచను. నేను పరిచర్యకు వచ్చిన తొలి యేండ్లలో ఒక పల్లెలో కూలివారి పిల్లలకు రాత్రి బడి పెట్టితిని. మొదట ఇరువదిమంది వచ్చిరి. నాట్ల కాలము వచ్చుసరికి ఏడుగురు మిగిలిరి. సంఘము కొనియిచ్చిన పలకలు సగము కనబడలేదు. వీరికి చదువుమీద ఆశ లేదు, ఉండియుండిన వచ్చియుందురు అని చెప్పి బడి మూసివేసితిని. ఆ ఏడుగురి ముఖములు గ్లౌఖా వీధిలో నాకు కనబడెను. ఫ్రాంకెకు నాకు భేదము ధనము కాదు. అతడు మరల పుస్తకములు కొనెను, నేను తలుపు మూసితిని.

ఆ కొద్ది నాణెములనుండి ఏమి కలిగెనో చూడుడి. 1698లో అనాథ బాలల గృహమునకు పునాది వేసిరి. ఆ కట్టడపు నెత్తిన సూర్యుని వైపు ఎగురు రెండు పక్షిరాజుల బొమ్మ యున్నది. యెషయా గ్రంథము 40వ అధ్యాయము 31వ వచనము నుండి తీసిన గురుతు అది. దాని వెనుక పొడవైన వాకిలియు, ఆరంతస్తుల కొయ్య కట్టడమును కలవు. 1727లో ఫ్రాంకె మరణించునాటికి అక్కడి బడులలో రెండు వేలకు పైగా పిల్లలు చదువుచుండిరి. 1710లో కాన్‌స్టైన్ అను భక్తుడు అక్కడ ఒక బైబిలు శాల స్థాపించెను. ఒకసారి కూర్చిన అచ్చు అక్షరములను విడదీయక అట్లే నిలిపియుంచి మరల మరల అచ్చు వేయుటచేత, బైబిలు వెల బీదవాడు కొనగలంతకు తగ్గెను.

తరువాత కాలములో ఈ స్థలము కష్టములు చూచెను. యుద్ధకాలమున 1945లో బాంబులు పడెను. 1946లో సంస్థను రద్దుచేసిరి. కట్టడములు శిథిలమాయెను, వాటి ముందరినుండియే ఎత్తైన వంతెనరోడ్డు వేసిరి. 1990 తరువాత జర్మనీ యేకమైనప్పుడు సంస్థను తిరిగి నిలిపి, కట్టడములను ఒక్కొక్కటిగా బాగుచేసిరి.

పై అంతస్తులో వింత వస్తువుల గది యొకటి కలదు. కప్పునుండి మొసలి వ్రేలాడుచుండును. బీరువాలలో దూరదేశముల వస్తువులు, వాటితోపాటు మన దక్షిణ దేశపు తాటియాకు గ్రంథములును ఉన్నవి. ఇవి ఇక్కడికెట్లు వచ్చెను? 1706లో డెన్మార్కు రాజు పంపగా తరంగంబాడికి వచ్చిన సీగన్‌బాల్గ్, ప్లూచౌ అను మిషనరీలు ఈ హాలె భక్తుల శిష్యులు. తమిళ అచ్చు అక్షరములను ఇక్కడనే పోతపోసి ఓడమీద పంపిరి.

ఇక మన కథ. 1719లో ఇక్కడినుండి తరంగంబాడికి వచ్చినవాడు బెంజమిన్ షుల్జ్. అతడు సాధువైన మనుష్యుడు కాడు. తోటి మిషనరీలతో పొసగక 1726లో మద్రాసుకు వెళ్లెను. అక్కడ తెలుగు మాటలాడువారు అనేకులుండిరి. వారియొద్ద తెలుగు నేర్చుకొని, వ్యాకరణము వ్రాసి, క్రొత్త నిబంధనను, తరువాత 1732 నాటికి పాత నిబంధనను తెలుగులోనికి మార్చెను. ఆ వ్రాతప్రతులను హాలెకు పంపెను. అవి అచ్చు కాలేదు. 1743లో అతడు దేహబలము తగ్గి హాలెకు తిరిగి వచ్చెను. తెలుగు అక్షరములు పోతపోయించి, 1746, 1747 సంవత్సరములలో కొన్ని చిన్న పుస్తకములు అచ్చు వేయించెను. లూథరు చిన్న ప్రశ్నోత్తరి వాటిలో నొకటి. తెలుగు అచ్చు చరిత్ర వ్రాసినవారు వీటినే మొదటివిగా లెక్కించుచున్నారు. మన భాష మొదట అచ్చెక్కినది గోదావరి యొడ్డున కాదు, కృష్ణ యొడ్డున కాదు, సాలె నది యొడ్డున ఒక అనాథశాలలో!

నేను ముందుగా అనుమతి కోరియుంటిని గనుక, 1728లో కట్టిన గ్రంథశాలలో అట్టి పుస్తకమొకటి నా ముందర పెట్టిరి. అక్షరములు మన పిల్లలు పలకమీద దిద్దినట్లు వంకరగా నుండెను. మాటలును తడబడుచుండెను. వ్రేలు పెట్టి కూడబలుకుకొని చదివితిని. దారి చూపునామె ప్రక్కన నిలిచి, “మీకు అర్థమగుచున్నదా?” అని యడిగెను. అగుచున్నదంటిని. “నేను ఇన్నేండ్లుగా ఈ సంగతి జనులకు చెప్పుచున్నాను. దానిని చదువగలవారిని నేడే చూచితిని” అని ఆమె కన్నులు తుడుచుకొనెను.

షుల్జ్ బైబిలు మాత్రము వ్రాతప్రతిగానే మిగిలిపోయెను. 1760లో అతడు హాలెలోనే మరణించెను. విశాఖపట్టణపు మిషనరీల ప్రయాసచేతను సేరంపూరు వారిచేతను తెలుగు క్రొత్త నిబంధన 1818లో మన జనుల చేతికి వచ్చెను. అవి వేరు చేతులు చేసిన వేరు భాషాంతరములు. షుల్జ్ కష్టము వ్యర్థమా? లెక్క చూచువాడు వ్యర్థమే అనును. విత్తువాడును కోయువాడును కూడ సంతోషింతురని సమరయ బావియొద్ద ప్రభువు చెప్పినదానిని నమ్మినవాడు అట్లనడు. బోధకుడు లేని తెలుగువారు కలరని, వారి భాషలో వాక్యముండవలెనని మొదట తలంచి చేయి పెట్టినవాడు ఒకడుండెను. అతనిని పంపిన సంస్థ, పేరు చెప్పుకొనని ఒక మనుష్యుడు పెట్టెలో వేసిన నాణెములతో మొదలైనది.

మన సంఘములలో తల్లులు వంటకు బియ్యము కడుగునప్పుడు ఒక పిడికెడు తీసి వేరు కుండలో వేయుదురు. ఆదివారమున దానిని తెచ్చి పీటముందర పోయుదురు. కొందరు యౌవనులు దానిని చూచి నవ్వుదురు. ఈ గింజలతో ఏమగునందురు. అమ్మలారా, మీరు ఆ కుండను మానవద్దు. సంఘ పెద్దలారా, ఆ బియ్యమును అమ్మి లెక్క వ్రాయుటతో మీ పని తీరినదనుకొనవద్దు. ఏ పిల్లవాని చదువుకు అది మూలధనము కాగలదో చూడుడి. పిల్లవాడు పలక పోగొట్టుకొని వచ్చిన, మరియొక పలక ఇయ్యుడి.

నేను తిరిగి వచ్చిన తరువాత ఆ పల్లెకు వెళ్లితిని. ఆ ఏడుగురిలో ఒకడు అక్కడనే యుండెను, తల నెరసినది. గుడిలో వాక్యము చదువునప్పుడు అతడు ఊరక కూర్చుండి వినును. అతనియొద్ద క్షమాపణ వేడుకొంటిని. “అయ్యగారూ, నాదేమున్నది? మనుమరాలికి నేర్పండి” అనెను. ఇప్పుడు వారమునకు మూడు రాత్రులు ఆ గుడిలో దీపము వెలుగుచున్నది. పదకొండుమంది వచ్చుచున్నారు. నాట్ల కాలము రానున్నది. ఎందరు మిగులుదురో నేనెరుగను. తలుపు మాత్రము ఈసారి తెరచియుండును.